మణి మహిమ, మణి పరీక్ష

వినాయక చవితినాడు శ్యమంతకోపాఖ్యానం చదువుకొనని ఇల్లు మన తెలుగుదేశంలో అరుదు. కథ పూర్తికాగానే తలపై అక్షతలు వేసుకొని పిండివంటల వైపు మళ్ళే తొందరలో, అందులోని ఒక సంగతిని మనం గమనించము. ఆ మణి దినానికి ఎనిమిది బారువుల బంగారం ఇస్తుందట. అది ఉన్న చోట కరవు గాని, రోగం గాని, సర్పభయం గాని ఉండవట. అయితే శుచి గలవానికే అది మేలు చేస్తుంది. అశుచియై ధరించినవానికి ప్రాణం మీదికి తెస్తుంది. ప్రసేనుడు దానిని మెడలో వేసుకొని వేటకు పోయి సింహం వాతపడినాడు. అంటే రాతికి మహిమ ఉన్నదని చెప్పి ఊరుకొనక, ఆ మహిమకు ఒక నియమాన్నీ, నియమం తప్పినవానికి ఒక దండననూ మన పెద్దలు ఏర్పరచినారన్నమాట.

కాశీమజిలీ కథలు చదివినవారికి మణిసిద్ధుడు గుర్తుండే ఉంటాడు. ఆయన చేతిలోని మణి అడిగిన వింతకెల్లా కథ చెప్పించేది. మధిర సుబ్బన్న దీక్షితకవి అంత పెద్ద కథాసముద్రాన్ని ఒక రాతి మీద నిలబెట్టినారు. పాఠకులలో ఒక్కరికీ అది వింతగా తోచలేదు. రాయి మాట్లాడుతుంది, కాపాడుతుంది, పగబడుతుంది అనే భావం మనకు అంత పరిచితమైనది. విజయనగరం గంటస్తంభం దగ్గర గాని, శృంగవరపుకోట సంతలో గాని నిలిచి వచ్చేపోయే వారి చేతులు చూస్తే, ఏదో ఒక రాయి పొదిగిన ఉంగరాలు ఎన్నో కనిపిస్తవి. వాటిలో అలంకారం కోసం ధరించినవి కొన్ని. తక్కినవి గ్రహశాంతికి ధరించినవి, వ్యాపారం కలిసిరావాలని ధరించినవి, బిడ్డ పెళ్ళి కుదరాలని అప్పుచేసి కొన్నవి.

ఈ విద్య ఎట్లా పుట్టినది? దానిని ఎవరు, ఎందుకు వ్రాసినారు? అది చెప్పే రాళ్ళు మన కొండలలోనే ఉన్నప్పుడు ఆ కొండలవారికి ఒరిగినదేమిటి? ఈ ప్రసంగంలో విచారించదలచినది ఇదే.

రత్నశాస్త్రం అని పేరు పొందిన గ్రంథాలలో బుద్ధభట్టుని రత్నపరీక్ష ప్రాచీనమైనది. గరుడపురాణంలోని రత్నాధ్యాయాలకూ దానికీ చాలా పోలిక ఉన్నది. ఫ్రెంచి పండితుడు లూయీ ఫినో ఇటువంటి గ్రంథాలను కూర్చి 1896లో పారిస్ నగరంలో ప్రకటించినాడు. అంతకు ముందే, 1879లో, కలకత్తాలో రాజా శౌరీంద్రమోహన టాగూరు మణిమాల అనే పెద్ద గ్రంథాన్ని వెలువరించినాడు. వీటన్నిటిలో రత్నాల పుట్టుక కథ ఒకటే. బలుడనే అసురుడు దేవతలకు యజ్ఞపశువుగా తన దేహాన్ని ఇచ్చినాడు. అతని ఎముకలు వజ్రాలైనవి, పండ్లు ముత్యాలైనవి, రక్తం పద్మరాగాలైనది, పైత్యం మరకతమైనది, కన్నులు ఇంద్రనీలాలైనవి, కేక వైడూర్యమైనది, క్రొవ్వు స్ఫటికమైనది. ఒక దేహంలోని భాగాలు గనుక రత్నాలన్నిటికీ ప్రాణం ఉన్నది, గుణం ఉన్నది, కులం కూడా ఉన్నది. తెల్లని వజ్రం బ్రాహ్మణునికి, ఎర్రనిది క్షత్రియునికి, పచ్చనిది వైశ్యునికి, నల్లనిది శూద్రునికి అని పంపకం చేసినారు. మనుష్యులలోని హెచ్చుతగ్గులను రాళ్ళకు అంటగట్టి, తిరిగి రాళ్ళను చూపి మనుష్యుల హెచ్చుతగ్గులను సమర్థించుకొనే నేర్పు మనకు బహుకాలం నుండి ఉన్నట్లు తోస్తున్నది.

ఇంతవరకు కథ. కాని ఈ గ్రంథాలను తెరచి శ్రద్ధగా చదివితే మరొక సంగతి బయటపడుతుంది. వీటి పేరే పరీక్ష. మహిమను చెప్పిన శ్లోకాల కంటే, రాయి మంచిదా చెడ్డదా, నిజమైనదా కృత్రిమమైనదా, ఏ గని నుండి వచ్చినది, ఎంత తూగుతుంది, ఎంత వెల చేస్తుంది అని చెప్పేవే వీటిలో ప్రధానం. వజ్రానికి బిందువు, కాకపదం, యవ, రేఖ, మలం అని దోషాలు చెప్పినారు. నేడు రత్నాల వర్తకుడు భూతద్దం పెట్టి వెతికేది ఈ మచ్చలనూ పగుళ్ళనే. వజ్రం తక్కిన రత్నాలన్నిటినీ గీస్తుందనీ, దానిని గీయగలిగినది మరొక వజ్రమేననీ బుద్ధభట్టుడు స్పష్టంగా వ్రాసినాడు. 1812లో జర్మను ఖనిజశాస్త్రజ్ఞుడు మోస్ గట్టితనానికి పది మెట్ల కొలమానం ఏర్పరచి, పదవ మెట్టు మీద వజ్రాన్ని కూర్చుండబెట్టినాడు. ఆ మెట్టు మన వర్తకులకు వెయ్యేండ్లకు పూర్వమే తెలుసును. కౌటిల్యుడు అర్థశాస్త్రంలో రత్నపరీక్షను చర్చించినది కోశాధ్యక్షుని విధులను చెప్పే సందర్భంలో. మంత్రశాస్త్రంలోనో, వైద్యంలోనో గాక ఖజానా లెక్కలలో ఈ విద్యకు చోటు దొరికినదంటే, దానిని పెంచినవారెవరో ఊహించుకోవచ్చును.

దోషం గల రాయిని ధరిస్తే బంధునాశం, విత్తనాశం, శస్త్రభయం అని ఈ గ్రంథాలు బెదిరిస్తవి. ఆ బెదిరింపును వర్తకుని కంటితో చూడండి. మచ్చ ఉన్న వజ్రం వెల తక్కువ. వెల తక్కువని ఊరకే చెబితే రాజుగారు బేరమాడవచ్చును. ప్రాణహాని అని చెబితే బేరమే ఉండదు. వారిది వంచన అని మా అభిప్రాయం కాదు. మార్కెట్టు నీతీ, ధర్మనీతీ ఒకే భాషలో మాట్లాడిన కాలమది.

ఇక తొమ్మిది గ్రహాల మాట. సూర్యునికి కెంపు, చంద్రునికి ముత్యం, కుజునికి పగడం, బుధునికి పచ్చ, గురునికి పుష్యరాగం, శుక్రునికి వజ్రం, శనికి నీలం, రాహువుకు గోమేధికం, కేతువుకు వైడూర్యం అనే పట్టిక పంచాంగాలలో చూసి చూసి అది వేదకాలం నాటిదని మనం భావిస్తాము. ఆరవ శతాబ్దిలో ఉన్న వరాహమిహిరుడు జ్యోతిషానికి తలమానికమైనవాడు. ఆయన బృహత్సంహితలో వజ్రానికీ, ముత్యానికీ, పద్మరాగానికీ, మరకతానికీ వేరువేరు అధ్యాయాలు వ్రాసినాడు. ఈ తొమ్మిదింటి పట్టిక మాత్రం అక్కడ లేదు. బృహజ్జాతకంలో ఆయన గ్రహాలకు ద్రవ్యాలను చెప్పినప్పుడు ముత్యాన్ని చంద్రునికి గాక శుక్రునికి ఇచ్చినాడు. సూర్యునికి రాగి, శనికి ఇనుము. అనగా ఈనాటి పంపకం వరాహమిహిరుని తరువాత స్థిరపడినది.

వైడూర్యం కథ ఇంకా చిత్రమైనది. నేడు మనం వైడూర్యం అంటే పిల్లికన్ను వలె ఒక వెలుగు గీత కదలాడే రాయి అని అర్థం చేసుకొంటాము. ప్రాచీనకాలంలో ఆ పేరు ప్రధానంగా చెల్లినది బెరిల్ అనే లేత ఆకుపచ్చ రాతికి. ప్రాకృతంలో వేలురియ, గ్రీకులో బెరిల్లోస్, అందులో నుండే ఐరోపా భాషలలో బెరిల్. ఆ రాయి దక్షిణదేశంలో కోయంబత్తూరు ప్రాంతపు గనుల నుండి రోము దాకా పోయినది. కాలక్రమాన పేరు ఒక రాతి నుండి మరొక రాతికి మారినది. మరి కేతువు ఏ రాతిని చూసి శాంతిస్తాడు? పేరునా, పదార్థాన్నా? ఈ ప్రశ్న ఉంగరం అమ్మేవారిని మేము అడిగితే నవ్వి ఊరుకొన్నారు.

కెంపు, నీలముల సంగతి అంతకంటె విశేషం. సూర్యుడు తండ్రి, శని కొడుకు, ఇద్దరికీ పడదు. కనుక కెంపునూ నీలాన్నీ ఒకే చేతికి ధరించరాదని జ్యోతిష్కులు హెచ్చరిస్తారు. రసాయనశాస్త్రం ప్రకారం రెండూ ఒకటే: అల్యూమినియమూ ప్రాణవాయువూ కలిసి స్ఫటికమైన కురువిందం. అందులో లేశమాత్రం క్రోమియం చేరితే కెంపు. ఇనుమూ టైటానియమూ చేరితే నీలం. 1902లో ఫ్రాన్సులో వెర్నెయ్ అనే శాస్త్రజ్ఞుడు అల్యూమినా పొడిని మంటలో కరగించి కెంపును తయారుచేసే పద్ధతిని ప్రకటించినాడు. చేతి గడియారాల లోపల పళ్ళచక్రాల ఇరుసులకు ఆధారంగా అమర్చే ఎర్రని రాళ్ళు అట్లా తయారైనవే. సూర్యుని రాతిని మన తాతలు ఎన్నో ఏండ్లు మణికట్టు మీద మోసినారు. తెలియక గనుక దోషం అంటలేదు కాబోలు.

రాతి మహిమను నిజంగా పరీక్షకు పెట్టిన మహనీయుడొకడు ఉన్నాడు. మరకతం విషానికి విరుగుడని మన గ్రంథాలు చెప్పినవి. అందుకే దానికి గారుత్మతమని పేరు. పచ్చను చూస్తే పాము కండ్లు చెదరి గుడ్డిదవుతుందని పారశీక, అరబ్బు దేశాలలో పెద్దలందరూ వ్రాసినారు. పదునొకండవ శతాబ్దిలో, గజనీ మహమ్మదు కాలంలో, మన దేశానికి వచ్చి సంస్కృతం నేర్చిన అల్ బిరూనీ ఈ మాటను నమ్మలేదు. అబద్ధమని కొట్టివేయనూ లేదు. ఒక పాముకు పచ్చల హారం తగిలించినాడు, దాని ముందు పచ్చలు పరచినాడు, కదలించినాడు. ఎండకాలంలోనూ, చలికాలంలోనూ, తొమ్మిది నెలల పాటు చూసినాడు. పాము చూపు ఏమీ తగ్గలేదు. కొంచెం హెచ్చిందేమో అన్నట్లుగా ఆయన చమత్కరించినాడు. మన రత్నపరీక్షకులు రాయి నిజమైనదా అని పరీక్షించినారు. బిరూనీ రాతి మీద చెప్పే మాట నిజమా అని పరీక్షించినాడు. రెండవ పరీక్షను మనవారు వ్రాసిపెట్టి ఉంటే ఎంత బాగుండేది!

ఎందుకంటే పాము మాట మన ఉత్తరాంధ్ర పల్లెలకు వినోదం కాదు. తొలకరిలో వరి మళ్ళలో దిగినవారికి, రాత్రివేళ చెరువుగట్టు మీద నడిచేవారికి అది దినదినగండం. పాముమణి అని, విషపురాయి అని ఒక నల్లని బిళ్ళను సంతలలో అమ్మడం, కాటుపడిన చోట దానిని అంటించడం బహుకాలంగా ఉన్నది. ఆ బిళ్ళ సాధారణంగా గాలి తగలకుండా కాల్చిన ఎముక. దాని నిండా సన్నని రంధ్రాలు ఉండటం వల్ల తడి తగలగానే నెత్తురును పీల్చి చర్మానికి అంటుకొని ఉంటుంది. విషం లాగినదని చూచేవారు నమ్ముతారు. విషం అప్పటికే శరీరంలోకి ప్రవేశించినది. దానిని ఏ రాయీ వెనక్కు తీయలేదు. మన పొలాలలో కరిచే పాములలో చాలావాటికి విషం లేదు. విషసర్పం కరిచినా ప్రతిసారీ ప్రాణాంతకమైనంత విషం దిగదు. ఆ బ్రతికినవారందరూ రాతి ఖాతాలో చేరుతారు. చనిపోయినవారు తలవ్రాత ఖాతాలో చేరుతారు. 1890ల నడుమ ఫ్రెంచి వైద్యుడు కాల్మెత్ గుర్రపు రక్తరసం నుండి పాముకాటుకు విరుగుడును తయారుచేసినాడు. ఆ మందు దొరికే ఆసుపత్రికి ఎన్ని నిమిషాలలో చేరినామన్నదే ప్రాణాన్ని నిలుపుతుంది. అంటించిన రాయి తనంత తాను రాలిపడేదాకా కాచుకొని కూర్చున్న గంట ఆ నిమిషాలలో నుండి తీసినదే.

మణివిద్యకు తోబుట్టువు రసవిద్య. ఇది తెలుగువారి సొంత ఆస్తి అని చెప్పుకొన్నా పెద్దగా తప్పులేదు. పరుసవేది అనే మాట పిల్లల కథలలో నేటికీ ఉన్నది. ఏడవ శతాబ్దిలో వచ్చిన చైనా యాత్రికుడు హ్యూన్‌త్సాంగు ఒక కథ వ్రాసినాడు. సాతవాహన రాజు నాగార్జునునికి కొండ తొలిపించి గొప్ప విహారం కట్టిస్తుండగా ఖజానా ఒట్టిపోయినది. అప్పుడు నాగార్జునుడు ఏదో రసం చిలకరించి బండరాళ్ళను బంగారం చేసి ఇచ్చినాడట. నాలుగు వందల ఏండ్ల తరువాత అల్ బిరూనీ, తనకు సుమారు నూరేండ్ల క్రిందట సోమనాథం దగ్గర నాగార్జునుడనే రసవాది ఉండేవాడని విన్నాడు. నాగార్జునులు ఒకరా, ఇద్దరా, ముగ్గురా అనే వాదం పండితులది. దానిలోకి మేము దిగము. నిలిచిన పేరు శ్రీపర్వతం. నిత్యనాథ సిద్ధుని రసరత్నాకరంలో శ్రీశైలంలోని రాళ్ళు, మడుగులు, గుహలు ఏది ఏ సిద్ధినిస్తుందో దారిచూపినట్లుగా చెప్పబడినది. పదునైదవ శతాబ్దిలో గౌరన నవనాథచరిత్రను ద్విపదలో వ్రాసినది శ్రీశైల మఠాధిపతి ప్రేరణతోనే. పాదరసం శివతేజమనీ, అభ్రకం గౌరీతేజమనీ, రెండింటినీ కలిపి పదునెనిమిది సంస్కారాలు చేస్తే లోహమూ దేహమూ రెండూ సిద్ధమవుతవనీ వారి మతం. బంగారం సిద్ధించలేదు. పాదరసపు ఆవిరి పీల్చి ఎందరి ఆరోగ్యం చెడినదో లెక్క వ్రాసినవారు లేరు. కాని పుటం పెట్టడం, బట్టీ పట్టడం, మూసలో కరగించడం, ఖనిజం నుండి తుత్తునాగాన్ని ఆవిరిగా తీసి చల్లార్చడం వంటి పనులు ఈ గ్రంథాలలో ఉన్నవి. ఇంద్రజాలానికి పోయి లోహవిద్యతో తిరిగివచ్చినారు.

ఇప్పుడు మన ఊరి కొండల దగ్గరికి వద్దాము. శృంగవరపుకోటకు పడమటి దిక్కున తూర్పు కనుమలు గోడ వలె లేచి ఉన్నవి. పుణ్యగిరి ఆ వరుసలోనిదే. శివరాత్రికి జనం కొండధారల క్రింద తలలు తడుపుకొంటారు. బొడ్డవర దాటి ఘాటురోడ్డు ఎక్కితే అనంతగిరి, ఆపైన బొర్రా, అరకు. దారి త్రవ్విన చోట్ల ఎర్రగా, ఇటుకరంగుగా కనిపించే రాతిని కొంచెం నలిపి చూడండి. ముదురు ఎరుపు గింజలు దానిమ్మ గింజల వలె రాలుతవి. అవి గార్నెట్టులు. రాహువుకు చెప్పిన గోమేధికం కూడా ఈ గార్నెట్టు కుటుంబంలోనిదే. మన కొండలలో ఎక్కువగా దొరికే ఎర్రనిది దానికి దాయాది. గింజలతో పాటు తెల్లని స్ఫటికం, సూదుల వంటి సిల్లిమనైటు, అక్కడక్కడ చేతికి నల్లగా అంటే గ్రాఫైటు కూడా ఆ రాతిలో ఉంటవి. 1902లో టి. ఎల్. వాకర్ కలహండి ప్రాంతపు భూగర్భాన్ని వర్ణిస్తూ ఈ రాతికి ఖోండలైటు అని పేరు పెట్టినాడు. ఆ కొండలలో నివసించే ఖోండుల పేరు అది. ప్రపంచంలో ఏ విశ్వవిద్యాలయంలో భూగర్భశాస్త్రం చదివే విద్యార్థి అయినా ఆ గిరిజనుల పేరు పలుకుతాడు. వారెవరో అతనికి తెలియదు. కోణార్క దేవాలయాన్ని కట్టినది ఈ జాతి రాతితోనే.

చేతికి నల్లగా అంటిన ఆ గ్రాఫైటు గురించి ఒక మాట. 1797లో ఆంగ్లేయుడు స్మిత్సన్ టెన్నంట్ వజ్రాన్ని కాల్చి, అది కేవలం బొగ్గుపదార్థమే, అనగా కర్బనమేనని నిరూపించినాడు. గ్రాఫైటూ కర్బనమే. కృష్ణాతీరాన కొల్లూరు గనులలో వేలాది కూలీలు మట్టి జల్లించి తీసిన వజ్రమూ, మన ఘాటురోడ్డు రాతిలోని మసీ ఒకే మూలకం. అణువులు కుదురుకొన్న తీరు మాత్రమే వేరు. శుక్రగ్రహ ప్రీతి కోసం పెన్సిలు ముక్కను ధరించమని ఇంతవరకు ఎవరూ చెప్పలేదు.

ఎర్ర గార్నెట్టులు మన వారికి ప్రాచీనకాలంలోనే వర్తకపు సరుకులు. తెలంగాణంలో కొత్తగూడెం ప్రాంతపు గరీబుపేట కొండ నుండి రాలిన గార్నెట్టులను, పుదుచ్చేరి దగ్గరి అరికమేడులో దొరికిన పూసలతో పోల్చి పరీక్షించినవారు రెండింటి రసాయన లక్షణాలు, లోపలి ఖనిజపు రేణువులు సరిపోతున్నవని 2017లో ప్రకటించినారు. అరికమేడు రోము దేశంతో వర్తకం చేసిన రేవు. అటువంటి భారతీయ గార్నెట్టులు ఆరవ శతాబ్ది నాటికి ఐరోపా రాజుల కత్తిపిడులకూ, పతకాలకూ పొదగబడినవి. రాయి ఎక్కడిదో చెప్పడంలో బుద్ధభట్టుడు రంగును చూసినాడు. నేటివారు లోపలి ధూళిని చూసినారు. ప్రశ్న ఒకటే.

బొర్రా గుహల విషయంలో ఒక సవరణ చేయవలసి ఉన్నది. 1807లో భారత భూగర్భ పరిశీలన శాఖకు చెందిన ఒక దొర వీటిని కనుగొన్నాడని పుస్తకాలలో వ్రాస్తున్నారు, అక్కడి మార్గదర్శకులు అదే వల్లిస్తున్నారు. ఆ శాఖ స్థాపించబడినది 1851లో. పుట్టని శాఖకు ఉద్యోగి ఎట్లా ఉంటాడు? కొండవాసులు చెప్పేది ఇంతకంటె నమ్మదగినది: పైన మేస్తున్న ఆవు కంతలో పడిపోగా వెతుకుతూ వెళ్ళిన పసులకాపరికి లోపల లింగం కనిపించినదట. గుహలో నుండి పారే ఏరు గోస్తని, అంటే ఆవుపొదుగు. బొగ్గుపులుసు వాయువు కలిసిన వాననీరు సున్నపురాతిని కరగించుకొని కప్పు నుండి బొట్టుబొట్టుగా జారుతుంది. జారిన ప్రతి బొట్టూ రవ్వంత కాల్సైటును వదలిపోతుంది. పైనుండి పొదుగు చన్నుల వలె వ్రేలాడేవీ, క్రింది నుండి లింగం వలె లేచేవీ అట్లా ఏర్పడినవే. ఆవుపొదుగు అని పేరుపెట్టినవాని కంటికి మేము నమస్కరిస్తున్నాము. పాఠ్యపుస్తకంలోని బొమ్మ కంటె ఆ పేరు స్పష్టంగా ఉన్నది.

స్ఫటికానికి మన ప్రాంతాలలో దొరికిన గౌరవం కూడా చాలా పాతది. 1892లో అలెగ్జాండర్ రీ భట్టిప్రోలు స్తూపాన్ని త్రవ్వించినప్పుడు రాతి పెట్టెల లోపల స్ఫటికపు భరిణెలు, వాటిలో ధాతువులు, ఆరుపలకల స్ఫటికం మీద చెక్కిన బ్రాహ్మీ అక్షరాలు బయటపడినవి. బౌద్ధులు ఆ రాతిని ఏ గ్రహం కోసమూ ఎంచుకోలేదు. మచ్చ లేక, లోపలిది కనిపించేట్లు ఉండటమే చాలుననుకొన్నారు.

మరి స్ఫటికానికి నిజంగా ఏ శక్తీ లేదా? ఉన్నది. అది తెలియనివారి ఇంటిలోనూ పనిచేస్తున్నది. 1880లో క్యూరీ సోదరులు స్ఫటికపు పలకను నొక్కితే దాని ముఖాల మీద విద్యుత్తు పుడుతుందని కనుగొన్నారు. దానికి విద్యుత్తును అందిస్తే అది ఒక నిర్ణీతమైన వేగంతో కంపిస్తుంది. తన పరిమాణానికి తగిన వేగాన్ని విడువదు. రేడియో ప్రసారయంత్రం ప్రక్క స్టేషను మీదికి పోకుండా తన పౌనఃపున్యంలో నిలకడగా ఉండటానికి ఆధారం ఈ గుణమే. చేతిలోని స్ఫటికపు గడియారం కాలం తప్పక నడవడానికి కారణమూ అదే. అందులోని చిన్న స్ఫటికం సెకనుకు 32,768 సార్లు కంపిస్తుంది. రేడియో బాల్యంలో వాయుతరంగాన్ని పట్టినది కూడా ఒక ఖనిజమే. సీసపు ముడిఖనిజమైన గెలీనాతో తరంగాలను గ్రహించే పరికరానికి మన జగదీశచంద్ర బోసు 1904లో అమెరికాలో పేటెంటు పొందినాడు. మీట త్రిప్పగానే దూరపు గొంతు గదిలో పలకడం మణిసిద్ధుని మణి చేసిన పని కంటె తక్కువేమీ కాదు. దీనికి శుచి అక్కరలేదు, నక్షత్రం అక్కరలేదు. ఎవరు త్రిప్పినా పలుకుతుంది.

భట్టిప్రోలులో స్ఫటికపు భరిణెలు దొరికిన ఆ 1892లోనే మన విజయనగరం ప్రాంతంలో మరొక రాతి కథ మొదలైనది. చీపురుపల్లి వైపున కోడూరులో మాంగనీసు ఖనిజం త్రవ్వడం ఆ సంవత్సరంలో ఆరంభమైనది. భారతదేశంలో మాంగనీసు గనుల చరిత్రకు అదే తొలి పుట. 1909లో ఫెర్మోర్ ఆ ఖనిజాల మీద బృహద్గ్రంథం వెలువరించి, ఆ రాతి జాతికి కోడూరు పేరుమీద కోడూరైటు అని నామకరణం చేసినాడు. ఇందులోనూ గార్నెట్టు ఉన్నది. మాంగనీసును దాచుకొన్నది అదే. నల్లగా, బరువుగా ఉండే ఆ ముడిరాతికి ఏ శాస్త్రమూ మహిమ చెప్పలేదు. ఉక్కును గట్టిపరచే గుణం దానికి ఉన్నదని ఐరోపాకు తెలియగానే బండ్లమీద, రైళ్ళమీద, ఓడలమీద తరలిపోయినది. 1933లో తెరచిన విశాఖపట్నం రేవుకు ముఖ్యమైన ఎగుమతి సరుకులలో మాంగనీసు ఒకటి.

రాతికి మహిమ ఉన్నదా అనే ప్రశ్న వెనుక, రాయి ఎవరిది అనే ప్రశ్న ఎప్పుడూ దాగి ఉన్నది. అర్థశాస్త్రం గనులను రాజుకు ఇచ్చినది. గోలకొండ సుల్తానుల నాడు పెద్ద వజ్రం దొరికితే అది సుల్తానుకే చెందేది. జల్లించిన కూలీకి కూలి. బొర్రా చుట్టుప్రక్కల కొండలలోనూ ఈ ప్రశ్న లేచినది. అనంతగిరి మండలంలోని గిరిజన గ్రామాలలో కాల్సైటు, అభ్రకం వంటి ఖనిజాలు త్రవ్వుకొనడానికి ప్రభుత్వం గిరిజనేతరులకూ, కంపెనీలకూ కౌళ్ళు ఇచ్చినది. కాల్సైటు అంటే గుహలోని లింగమూ పొదుగూ ఏ పదార్థంతో ఏర్పడినవో అదే. ఏజెన్సీ ప్రాంతంలో గిరిజనుల భూమి ఇతరులకు బదిలీ కారాదని 1959 నాటి నిబంధన ఉన్నది. 1970లో దానిని మరింత గట్టి చేసినారు. అయితే ఆ నిబంధన ప్రభుత్వానికి కూడా వర్తిస్తుందా? ప్రభుత్వం తన భూమిని ఇతరులకు కౌలుకు ఇవ్వవచ్చునా? సమత అనే సంస్థ ఈ ప్రశ్నతో న్యాయస్థానానికి వెళ్ళినది. హైకోర్టులో వారి వాదం నెగ్గలేదు.

1997 జూలై 11వ తేదీన సుప్రీంకోర్టు తీర్పు వచ్చినది. ముగ్గురు న్యాయమూర్తులలో ఇద్దరి అభిప్రాయం ప్రకారం, నిబంధనలోని ‘వ్యక్తి’ అనే మాటలో ప్రభుత్వం కూడా చేరుతుంది. షెడ్యూల్డు ప్రాంతంలోని భూమిని గనుల కోసం గిరిజనేతరులకు కౌలుకు ఇవ్వడం చెల్లదు. గిరిజనుల సహకార సంఘాలు త్రవ్వుకొనవచ్చును, ప్రభుత్వ సంస్థలు త్రవ్వవచ్చును. త్రవ్వినచోట నికరలాభంలో అయిదవ వంతుకు తగ్గకుండా విడిగా తీసి, ఆ ఊళ్ళ నీటికీ, బడులకూ, ఆసుపత్రులకూ, దారులకూ ఖర్చుపెట్టాలని కూడా కోర్టు చెప్పినది.